పిల్లలకోడి గంపలో సందు

ఒకప్పుడు ఆకాశం ఇంత ఎత్తున లేదు. తాటిచెట్టు ఎక్కితే తలకి తగిలేది. మా ముత్తాతకి ముత్తాత, బుట్టలల్లే సింగన్న, చెట్టు కూడా ఎక్కేవాడు కాదు. మునివేళ్ళ మీద నిలబడి, చుక్కల మీది దుమ్ము తువ్వాలుతో దులిపేవాడు. నమ్మనివాళ్ళు లేచి వెళ్ళిపోవచ్చు!

ఆ రోజుల్లో చుక్కలన్నీ పెరట్లో కోళ్ళలాగ ఎక్కడపడితే అక్కడ తిరిగేవి. వాటిలో ఒక కోడి చుక్క ఉండేది. దానికి ఆరు పిల్లలు. తల్లితో కలిపి ఏడు. ఒక్కొక్కటీ గుమ్మడికాయంత! చిన్నది మాత్రం నిమ్మకాయంతే. ఎప్పుడూ వెనకబడేది. తల్లి ఆగి, పిలిచి, దాన్ని కలుపుకుని వెళ్ళేది.

ఆ తల్లికి ఒకటే భయం. చంద్రుడు లేని రోజున అమావాస్య అనే బావురుపిల్లి వచ్చేది. దొరికిన చుక్కని నోట కరుచుకుపోయేది.

ఒక సాయంత్రం కోడి సింగన్న వాకిట్లో దిగింది.

"అన్నా, నాకో గంప అల్లిపెట్టవా? ఎల్లుండే అమావాస్య. పిల్లల్ని కమ్మేస్తాను."

సింగన్న మీసం దువ్వాడు. "గంపేనా! నేనల్లిన బుట్టతో గోదారి నీళ్ళు మోశాను చెల్లెమ్మా, బొట్టు కారలేదు! నేనల్లిన తట్టలో కొండనెత్తి అవతల పెట్టాను!"

"ఏదీ, ఆ కొండ చూపించు," అంది ఇంట్లోంచి అతని భార్య నూకాలు.

"పెట్టినచోటే ఉంది. వెళ్ళి చూసుకో!"

"నోరు తర్వాత. ముందు బద్దలు చీల్చు."

చీల్చాడు. మూడు కొండల వెదురు ఒక్క పూటలో చీల్చాడు! అల్లుతుంటే వేళ్ళు కనబడలేదు. ఊరంత గంప లేచింది.

కానీ సింగన్న నోరు చేతులకంటే చురుకు. దారినపోయే ప్రతివాణ్ణీ పిలిచి, "చుక్కలకి గంప అల్లే మొనగాణ్ణి నేనొక్కణ్ణే," అని చెప్పుకున్నాడు. చెప్పినప్పుడల్లా చెయ్యి ఆగింది. అమావాస్య నాడు పొద్దు వాలేసరికి అంచులో ఒక్క బద్ద అల్లకుండా మిగిలిపోయింది. పిడికిలి పట్టేంత సందు.

కోడి వచ్చింది. సందులోకి ముక్కు పెట్టి చూసింది.

"ఇదేంటన్నా?"

చుట్టూ జనం. ఇంకా పని అవలేదని వాళ్ళ ముందు చెప్పడానికి సింగన్నకి నోరు రాలేదు.

"అది గాలికమ్మా! పిల్లలకి ఉక్కపొయ్యకుండా. ఆ పనితనం నాకు తప్ప ఎవరికీ రాదు."

"ఏవయ్యా, ఆ బద్ద కాస్తా దూర్చి పంపు. ఎంతసేపు!" అంది నూకాలు.

"నువ్వూరుకోవే!"

కోడి నమ్మింది. గంప మోసుకెళ్ళి, పిల్లల్ని కమ్మి, తను పైన కూర్చుంది.

తెల్లవారి గంప ఎత్తితే ఐదు పిల్లలే ఉన్నాయి. సందు దగ్గర రవ్వంత వెలుగు, ఊడిన ఈకలాగ, బద్దకి అంటుకుని ఉంది.

కోడి ఏడుస్తూ రాలేదు. తిట్టనూ లేదు. గంప తెచ్చి సింగన్న వాకిట్లో దించింది.

"గాలి బాగానే ఆడిందన్నా," అంది. వెళ్ళిపోయింది.

మిగిలిన పిల్లల్ని ఎవరి చెయ్యీ అందనంత దూరం తీసుకుపోయింది. దాని వెనకే చుక్కలన్నీ వెళ్ళాయి. చుక్కల వెనకే ఆకాశం వెళ్ళింది.

సింగన్న ఆ మిగిలిన బద్ద పట్టుకుని తాటిచెట్టెక్కాడు. చెయ్యి చాచాడు. అందలేదు.

"చెల్లెమ్మా, బద్ద తెచ్చాను!" అని కేకేశాడు.

ఇక్కడ నేను పెంచి చెప్పను పిల్లలూ. అది చాలా చిన్న కేక. కింద నిలబడ్డ నూకాలుకే సరిగా వినబడలేదు.

అప్పటినుంచే పిల్లలకోడి చుక్కలు, అవే కృత్తికలు, విడివిడిగా తిరగవు. గంప లేదు కదా, అందుకే తల్లి రెక్కల కింద ఒకదాన్నొకటి ఒరుసుకుని, మంచు పట్టినట్టు మసగ్గా ఉంటాయి. ఏటా కృత్తిక కార్తె ఎండల్లో కొన్నాళ్ళు అసలే కనబడవు. చిన్నదాన్ని వెతకడానికి వెళతాయి. తొలకరికి తిరిగొస్తాయి.

వచ్చాక లెక్కపెట్టి చూడండి. ఆరే ఉంటాయి.