మునిగే ఊరి నోరు

రాజుగారి జలవిహారానికి కడుతున్న చెరువులో కొండ్రపాడు మునిగిపోతుంది. ఊరి తరఫున కొలువులో "సమ్మతమే" అన్నవాడు వేదగిరి పండితుడు. ప్రతినిధి మాటే ప్రజల మాట అని ఆయన పెద్ద గ్రంథమే రాశాడు. ఆ ఊరి పొలిమేర మాత్రం ఎన్నడూ తొక్కలేదు.

ఊరి కుమ్మరి నాంచారి కొలువుకొచ్చింది. ఆమె కుండలు కాల్చే ఆవం పక్కనే ఆమె బిడ్డ సమాధి ఉంది. దణ్ణం పెట్టి చెప్పింది.

"ప్రభూ, కుండ చేసినవాళ్లే ముందు నీళ్లు పోసి చూడటం మా రివాజు. పండితులవారి మాటనూ అలాగే చూడండి. తూము మూసిననాడు ఆయన్ని నా గుడిసెలో ఉంచండి. నీళ్లు గడప దాటాక ఆయనేమంటే అదే మా మాట. మళ్లీ నోరెత్తం."

రాజు సరేనన్నాడు. తన గ్రంథాన్ని తానే కాదనలేక పండితుడూ తలూపాడు.

తూము మూసిన మూడోనాడు నీళ్లు గడప దాటి పండితుడి మోకాళ్లకొచ్చాయి. గట్టు మీదున్న రాజుకు ఆయన కేక వినిపించింది.

"ఆపండి! ఇక్కడ మనుషులున్నాం!"

రాజు పక్కనే నిలబడ్డ నాంచారి వైపు చూశాడు. ఆమె నవ్వలేదు.

"మమ్మల్ని అడిగుంటే మేమూ ఆ మాటే అనేవాళ్లం, ప్రభూ."