హంపమ్మ పిడికిలి

ఓబులపతిగారిని ఏదడిగినా తిన్నగా జవాబు రాదు. పల్లెల మీద ముప్పై ఏళ్లుగా సొంతంగా సినిమాలు తీస్తున్న మనిషి. మాట పొదుపు, మొండితనం దండి. ఆయన దగ్గర ఆరేళ్లు పనిచేసిన వనజకు టీవీలో ఉద్యోగం వచ్చింది. మర్నాటికల్లా ఔననో కాదనో చెప్పాలి. ఆ అమ్మాయి కడుపులో ఉన్నది కక్కేసింది.

"మన సినిమా ముందు వేసే ఆ పల్లెలో చూసేది నలభై మంది. వాళ్లకోసం ఇంత ఒంటరి బతుకెందుకు సార్?"

ఆయన కళ్లద్దాలు తుడుచుకుని హంపమ్మ సంగతి ఎత్తుకున్నారు.

హంపమ్మది అనంతపురం పక్కనున్న ఆ పల్లే. ఆమె చెయ్యి మంచిదని ఊరంతా తొలి విత్తు ఆమెతోనే వేయించేది. ఈయన మొదటి సినిమా కోసం ఆమె ఎద్దులు లాగే గొర్రు వెంట నడుస్తూ జొన్నలు విత్తింది. సరిగ్గా అప్పుడే మబ్బు అడ్డం వచ్చింది. ఇంకోసారి నడవమన్నారు ఈయన. విత్తిన సాలులో మళ్లీ గింజ వేయరు. ఆమె వట్టి పిడికిలితో నడిచింది. దర్శకుడు గదా, వెలుగు చూసుకున్నారు గాని చెయ్యి చూడలేదు. ఆ రెండోసారి నడిచిందే సినిమాలో పెట్టారు.

ఆ వట్టి పిడికిలికే నగరాల్లో చప్పట్లు. ఒకాయన వేదికెక్కి మట్టి వాసన వచ్చిందన్నాడు. వచ్చుండొచ్చు, మనకేం తెలుసు. ఓబులపతిగారు బహుమతి పట్టుకుని లాడ్జి గదికి పోయి ఒక్కరే అన్నం తిన్నారు. చెప్పుకోవడానికి ఎవరూ లేరు.

మరుసటి ఏడు సినిమాను ఆ ఊరికి తీసుకెళ్లారు. బడి కిటికీలకు గోనెపట్టాలు కట్టి గోడ మీద వేశారు. ఆ దృశ్యం రాగానే ఆడవాళ్లు నవ్వారు.

"హంపక్కా, నీ చేతిలో గింజల్లేవే?"

హంపమ్మ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. "నా చేత వట్టి పిడికిలి ఆడించి ఊరంతటికీ చూపిస్తివి కద నాయనా" అని లేచి వెళ్లిపోయింది. ఆ ఏడు తొలి విత్తుకు ఎవరు పిలిచినా రాలేదు. ఈయన రెండు రోజులు ఆమె గడప ముందు కూర్చుని బతిమాలారు. మజ్జిగ ఇచ్చింది గాని పొలానికి మాత్రం కదల్లేదు.

వింటున్న వనజకు బాధ కలిగింది, అయినా ఊరుకోలేకపోయింది.

"మరి ప్రతి సినిమా అక్కడే ముందు వేస్తారెందుకు సార్? ఏ మొహం పెట్టుకుని పోతారు?"

"నా తప్పు తెలిసినవాళ్లు ఆ బడి గదిలోనే ఉన్నారమ్మా," అన్నారు ఓబులపతిగారు. "ఇంకెక్కడికి పోను?"