నెత్తికెక్కని బస్తా

“శోభనాద్రీ! ఒరే శోభనాద్రీ!”

కొలువులో ఆ పేరు మూడోసారి మోగితే గానీ అది నా పేరేనని గుర్తు రాలేదు. కిటికీలోంచి ఏరు కనిపిస్తుంది మరి. ఏరు కనిపించాక నేను కొలువులో ఉండను.

ఆ ఏటి ఒడ్డునే ఒకానొక చిన్న రాజ్యం. అందులో నేను లేఖకుణ్ణి, అంటే రాజుగారు చెప్పింది తాటాకు మీద గీకేవాణ్ణి. నా చదువూ అంతవరకే. ఆ రోజు నడుం పట్టేసి, ఎండిన చిక్కుడుకాయలా వంగి నిలబడ్డాను.

మా ప్రతాపభాను మహారాజుకు తన కండల మీద మహా మోజు. గరిడీలో ఊరికే తిని కూర్చుంటున్న నలభైమంది మల్లుల్ని రేవు కూలీల పట్టీలో ఎక్కించమన్నారు. పట్టీలో పేరున్నవాళ్ళే పడవల్లోంచి ధాన్యం బస్తాలు మోయాలి. అప్పటికే అందులో ముప్పైమంది కూలీలున్నారు.

ఆ కూలీల పెద్ద బంగారయ్య తలపాగా చేతిలో పట్టుకుని ఎదురుగా నిలబడ్డాడు. కొత్తవాళ్ళు వద్దని ఆయన అనలేదు. ఏ నెలలో ఎన్ని పడవలొస్తాయో, ఎంతమందికి పని దొరుకుతుందో తమకు తెలుసని, పేర్లు రాసేముందు తమ మాట ఒక్కసారి వినమని అడిగాడు. వినకుండా రాస్తే సగం ఇళ్ళలో పొయ్యి వెలగదన్నాడు.

“బలమున్నవాడు బస్తా మోయడానికి పక్కవాడి మాటెందుకోయ్?” అన్నారు రాజుగారు. “నువ్వు రాయరా.”

గంటం పట్టుకున్నాను. గుమ్మం దగ్గర బంగారయ్య కూతురు వరాలు నిలబడి ఉంది. గంటం కదల్లేదు.

“తమరన్న ఆ ముక్కే పట్టీ మొదట్లో రాస్తాను ప్రభూ,” అన్నాను. “రేపెవరైనా రుజువేదంటే మాత్రం నేను నీళ్ళు నమలాలి. ఎవరితోనూ మాట్లాడకుండా, ఇంకో చెయ్యి పడకుండా, మన మల్లుడొకడు నేల మీది బస్తాని నెత్తికెత్తుకుంటే చాలు.”

బస్తా వచ్చింది. గరిడీలో పేరుమోసిన మల్లుడు దాన్ని కావిలించుకున్నాడు. పొట్ట దాకా లేచింది, రొమ్ము దాకా వచ్చింది, అక్కణ్ణుంచి జారి వాడి కాలి మీదే పడింది. రెండోవాడిదీ అదే వరస.

రాజుగారికి రోషం వచ్చింది. కిరీటం తీసి నా చేతికిచ్చి స్వయంగా దిగారు. బస్తా రొమ్ము దాకా ఎత్తారు. ఆ తర్వాత ఏం జరిగిందో నేను సరిగ్గా చూడలేదు, కళ్ళు మూసుకున్నాను. తెరిచేసరికి బస్తా పైన ఉంది, రాజుగారు కింద ఉన్నారు.

“బంగారయ్యా,” అని కింద నుంచి సన్నగా వినిపించింది. “కాస్త చెయ్యి వేస్తావా?”

బంగారయ్య ఒక చెయ్యి, నేనొక చెయ్యి వేశాం. నా చెయ్యి పెద్దగా లెక్కలోకి రాదు.

“రేవులో ఎవడి నెత్తికి వాడు ఎత్తుకోలేడు దొరా,” అన్నాడు బంగారయ్య, రాజుగారి భుజం మీద దుమ్ము దులుపుతూ. “కొత్తగా వచ్చినవాడు ముందు పాతవాడి దగ్గరికొచ్చి, ఇప్పుడు తమరన్న మాటే అంటాడు. అప్పట్నుంచి వాడు మావాడు.”

రాజుగారు నేల మీదే కూర్చుని పొట్ట పట్టుకుని నవ్వారు. అక్కడే కూర్చుని బంగారయ్య చెప్పిందంతా విన్నారు. ఇప్పటికి పదిమందికి పనుంది, మిగిలినవాళ్ళను పంట పడవలొచ్చాక పిలుద్దాం అన్నాడాయన. పది పేర్లే రాశాను.

రాజుగారు తన పట్టుశాలువా తీసి నా భుజాన కప్పారు. ఇంత యుక్తి ఎక్కడ నేర్చావురా అని మురిసిపోతూ అడిగారు. సభంతా నా వైపే చూస్తోంది. ఊరుకుంటే మహా మేధావినై ఇంటికి పోయేవాణ్ణి. గుమ్మం దగ్గర వరాలు కొంగు నోటికడ్డం పెట్టుకుంది.

“యుక్తి కాదు ప్రభూ,” అన్నాను. “మొన్న రేవులో వరాలు చూస్తోంది కదా అని బస్తా నెత్తికెత్తుకోబోయి దాని కింద పడ్డాను. బయటికి లాగింది తనే.”