చప్పట్లు లేని బేస్‌బాల్ ఆట

విజయనగరంలో పాత ఆటల ఫిల్ములూ, టేపులూ భద్రపరిచే ఒక చిన్న కార్యాలయంలో చక్రధరం అనే ఉద్యోగి ఉండేవాడు. ఉన్నదాన్ని ఉన్నట్టు ఉంచడం మాత్రం అతనికి చేతనయ్యేది కాదు. చినుకు పడితే వాన అనేవాడు, వాన పడితే వరద అనేవాడు. అతని పై అధికారి సీతామహాలక్ష్మి గారు బీరువా తాళంచెవిని కొంగుకు ముడేసుకుని తిరిగేవారు. అది ఆవిడ చాదస్తమని చక్రధరం నవ్వుకునేవాడు.

ఒకసారి ఆ ఊళ్లో నలభై ఏళ్ల కిందట ఆడిన మొదటి బేస్‌బాల్ ఆట ఫిల్మూ, దాని శబ్దం ఉన్న టేపూ దొరికాయి. ఆదివారం ఊరందరికీ చూపించాలని, సిద్ధం చేసే పని సీతామహాలక్ష్మి గారు చక్రధరానికి అప్పజెప్పారు. అతను టేపు పెట్టి విన్నాడు. గాలి, కాకులు, మధ్యలో బంతి చప్పుడు, ఎవరో ఆడమనిషి అరుపు, అంతే. ఇంత చప్పగా ఉంటే ఎవరు చూస్తారనుకుని, ఏదో ఫుట్‌బాల్ పోటీలోని చప్పట్లూ ఈలలూ తెచ్చి ఆ టేపు మీదే ఎక్కించేశాడు. పాత శబ్దం చెరిగిపోయింది. తన పనితనానికి తనే మురిసిపోయాడు.

శనివారం పొద్దున పైడిరాజు అనే పెద్దాయన కర్రతో తడుముకుంటూ వచ్చాడు. ఆ ఆటలో బ్యాట్ పట్టినవాడే; ఇప్పుడు చూపు పోయింది. బొమ్మ ఎలాగూ కనబడదు, రేపటి జనంలో కాకుండా ఇప్పుడే ఒకసారి వినిపించమని అడిగాడు. చక్రధరం సంబరంగా వినిపించాడు. జనం హోరు వింటున్నకొద్దీ పెద్దాయన ముఖం వాడిపోయింది.

“ఇది మా ఆట కాదు బాబూ,” అన్నాడు. “ఆవేళ మాకు చప్పట్లు కొట్టినోడే లేడు. చూడ్డానికి మా అప్ప ఒక్కర్తే వచ్చింది. నన్ను పెంచింది ఆవిడే. పోయి ముప్పయ్యేళ్లయింది. ఆవిడ గొంతు ఇంకెక్కడా లేదు.”

టేపులో అరిచిన ఆడమనిషి ఈయన అక్క అన్నమాట. ఆ గొంతును చెరిపేసింది తనేనని చక్రధరానికి తెలిసింది. పాత టేపు కదా, పాడైపోయిందని చెప్పి పంపేయవచ్చు. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. కానీ పెద్దాయన ముఖం అతనివైపే తిరిగి ఎదురుచూస్తోంది. అబద్ధం పెగల్లేదు. చేసిందంతా చెప్పి, తిన్నగా సీతామహాలక్ష్మి గారి గదికి వెళ్లి అక్కడా ఒప్పుకున్నాడు.

ఆవిడ కొంగుముడి విప్పి, బీరువా తెరిచి, ఒక టేపు తీశారు.

“నీకిచ్చింది నకలు. అసలుది నీ చేతికిస్తానా నాయనా?”

చక్రధరానికి పోయిన ప్రాణం లేచొచ్చింది. ఆ మాటకు పౌరుషం కూడా రాలేదు.

పైడిరాజు ముందు టేపు తిరిగింది. గాలి, కాకులు, బ్యాటుకు బంతి తగిలిన చప్పుడు, వెంటనే ఒక గొంతు: “ఒరే పైడీ, పరిగెట్రా! ఎటైనా పరవాలేదు, పరిగెట్టు!”

“ఆటేటో అప్పకి తెలీదు,” అని పైడిరాజు నవ్వాడు. నవ్వుతూనే ఏడ్చాడు. మళ్లీ పెట్టమన్నాడు. చక్రధరం మధ్యాహ్నం భోజనం కూడా మరిచిపోయి, అడిగినన్నిసార్లూ పెట్టాడు.

మర్నాడు ఊరందరికీ ఆ ఆటను ఆ గాలితో, ఆ కాకులతోనే చూపించారు. అప్ప అరుపు వినగానే జనం వాళ్లంతట వాళ్లే చప్పట్లు కొట్టారు.

నీతి: గడిచిపోయినదాన్ని దాచిపెట్టేవాడు దాన్ని ఉన్నదున్నట్టే ఉంచాలి; మెరుగు కోసం మనం కలిపేది ఎవరికో ప్రాణమైనదాన్ని చెరిపేస్తుంది.