ముక్కు పోయిన హంస

ఊ కొట్టాలి మరి. ఊ ఆగితే కథా ఆగుతుంది.

అనగనగా ఒక ఊళ్ళో, మగ్గాల చప్పుడుతోనే తెల్లారే ఊళ్ళో, వరహాలమ్మని ఒకావిడ ఉండేది. చీరల అంచులకు బొమ్మలు గీసేది. కాయితం మీద కాదమ్మా, కంప్యూటర్లో. ఆ ఊరికి అదే మొదటి కంప్యూటర్.

వరహాలమ్మ అక్క కూతురికి కార్తీకంలో పెళ్లి. పెళ్లిచీర అంచుకని ఆవిడ మూడు నెలలు కూర్చుని హంసల బారు గీసింది. దసరా వెళ్లగానే చీర మగ్గమెక్కాలి. ఆఖరి హంసకు ముక్కు పెట్టేసరికి ఆయుధపూజ వేళయింది.

అప్పుడు అక్క పూజకు వచ్చింది. ఆవిడకు భక్తి ఎక్కువ, ఆగడం తక్కువ. మగ్గానికి బొట్టు పెట్టి దీనికి పెట్టకపోతే ఎలాగంది. తెరకు గంధం పూసింది. కీబోర్డుకు మీటమీటకీ కుంకుమ పెట్టింది. వినాయకుడి వాహనమని మౌసుకు రెండు బొట్లు ఎక్కువ పెట్టింది. ఆ తర్వాత పక్కనున్న పెట్టెకు పసుపు బట్ట చుట్టి, వెనక చిల్లులు బోసిగా ఉన్నాయని బంతిపూలు దోపింది.

కొబ్బరికాయ కొట్టిన కాసేపటికి కంప్యూటర్ ఆరిపోయింది.

మూడు నెలల హంసలూ అందులోనే ఉన్నాయి. వరహాలమ్మ వంటింట్లోకి వెళ్లి ఏడ్చింది.

ముందు తెరదే తప్పనుకుని గంధం తుడిచారు. వెలిగినట్టే వెలిగి మళ్లీ ఆరింది. ఆ తర్వాత కీబోర్డును బోర్లించి కుంకుమ దులిపారు. మళ్లీ అంతే. అప్పుడు పక్క ఊరి నుంచి రిపేర్లు చేసే మస్తానమ్మను పిలిపించారు.

మస్తానమ్మ చూసి నవ్వింది. తెర మొహమేనంది, చూపిస్తుందే గానీ ఆలోచించదు. కీబోర్డూ మౌసూ చెవులంది, మనం చెప్పింది వింటాయి. మెదడు మాత్రం పెట్టెలో ఉందని మూత తీసింది. లోపల అగ్గిపెట్టంత బిళ్ళ, దాని పేరు ప్రాసెసర్. పని చేసేకొద్దీ అది వేడెక్కుతుంది. ఆ వేడి పోవడానికే ఫ్యాన్లూ, వెనక చిల్లులూ. చిల్లుల నిండా పూలు, పైన బట్ట. గాలాడక, కాలిపోకుండా తనంతట తనే ఆగిపోయింది పాపం.

"నా హంసలు ఉన్నట్టా, పోయినట్టా?" అంది వరహాలమ్మ.

"దాచమని చెప్పినవి హార్డ్ డిస్కులో ఉంటాయి వరహాలక్కా. అది బీరువా, కరెంటు పోయినా లోపలివి లోపలే. చెప్పనివి ర్యాములో ఉంటాయి. అది పలక, ఆరితే చెరిగిపోతుంది."

పూలు తీసి, బట్ట విప్పి ఆన్ చేశారు. హంసలన్నీ బారుగా వచ్చాయి. ఆఖరిదానికి మాత్రం ముక్కు లేదు. ముక్కు గీసి, దాచకుండానే హారతికి లేచింది మరి.

అక్క మొహం చిన్నబోయింది. ఆ మొహం, చేతిలో నలిగిన బంతిపూలు చూసి వరహాలమ్మకు నవ్వాగలేదు. నవ్వుతూనే మళ్లీ గీసింది. చెయ్యి కదిలి ముక్కు కాస్త పైకి లేచింది, హంస కూడా నవ్వుతున్నట్టు. అలాగే ఉండనిచ్చింది. ఈసారి ముందు దాచి, తర్వాత లేచింది.

ఆ చీర కట్టుకునే మీ అమ్మ పెళ్లిపీటల మీద కూర్చుంది. రేపు బీరువా తీయించి చూడు, కొంగు పక్కన ఒక హంస నవ్వుతుంటుంది.

పూలు దోపిన అక్క ఎవరంటావా? నవ్వావంటే కొడతాను. కళ్ళు మూసుకో.

హంస అంచుకి, కథ కంచికి,
పువ్వు అమ్మమ్మ కొప్పుకి, నిద్ర నీ రెప్పకి.