గడువు లేని ఒట్టు

"నోట్లో పట్టే రాయి ఒక్కటి కూడా ఈ తొట్టెలో ఉండనివ్వను. అన్నీ ఏరి ఆ మూల ముంతలో పడేస్తాను. నా డెక్కల మీద ఒట్టు!"

అనగనగా ఒక పంటి డాక్టరు గారి వరండాలో, ఒక గాజు తొట్టెలో, పీతయ్య ఇచ్చిన మాట ఇది. చేపలన్నీ తోకలు ఆడించి సంబరపడ్డాయి. ఎప్పటిలోగా అని మాత్రం ఒక్కరూ అడగలేదు.

తొట్టె అడుగున శనగగింజంత రంగురాళ్ళున్నాయి. బంగారు చేపలు తిండిని అడుగునే వెతుక్కుంటాయి. దొరికిందల్లా నోట్లో వేసుకుని, చప్పరించి, పనికిరానిది ఉమ్మేస్తాయి. అది వాటి పుట్టుగుణం.

"ఇసుకైతే ఉమ్మేస్తారు. తలకన్నా పెద్ద రాయైతే నోట్లోకే పోదు. ఈ మధ్యరకం రాళ్ళే యముళ్ళు" అనేవాడు నత్త తాత.

కెంపు అనే పడుచు చేప పీతయ్యను అడిగింది. "పెద్దయ్యా, రాళ్ళు?"

"తీసేస్తాగా తల్లీ!"

వారం పోయాక మళ్ళీ అడిగింది.

"తీసేస్తాగా! అవి మెరుస్తుంటే పంటినొప్పితో వచ్చినవాళ్ళు కూడా నవ్వుతున్నారు. మన తొట్టెకు ఎంత పరువు!"

మూడోసారి అడిగితే పీతయ్య విసుక్కున్నాడు. "ముందు మీవాళ్ళను నోరు అదుపులో పెట్టుకోమను. రాళ్ళదేం తప్పు?"

కెంపుకు ఒళ్ళు మండింది. ఆకలేసిన నోటిదా తప్పు?

ఆ మధ్యాహ్నమే ఆమె తమ్ముడు బుడగ నోట్లో ఎర్రరాయి ఇరుక్కుంది. నోరు మూతపడదు. తిండి దిగదు. మొప్పలు ఎగిరెగిరి పడుతున్నాయి.

కెంపు రాయిని పట్టి లాగబోయింది.

"లాగకు! నోరు చీలుతుంది" అని అరిచాడు నత్త తాత. "కాసేపు చూద్దాం, వాడే ఉమ్ముతాడేమో."

చూశారు. రాలేదు.

"వాడి తల కిందికి వంచండి. కెంపూ, గొంతు కింద నీ మూతితో మెల్లగా ముందుకు తొయ్యి. పీతయ్యా, అంచు కనబడ్డాకే పట్టుకో. మెత్తగా!"

కెంపు తోసింది. రాయి కదల్లేదు. మళ్ళీ తోసింది. కాస్త తిరిగింది. మూడోసారికి ఎర్రటి అంచు కనబడింది. పీతయ్య పట్టి తీశాడు. బుడగ మొప్పలు కుదుటపడ్డాయి.

పీతయ్య డెక్క పైకెత్తాడు. "చూశారా! మీ ప్రాణాలు నా డెక్కల్లో పదిలం!"

చేపలు మళ్ళీ తోకలు ఆడించబోయాయి.

"ఆపండి!" అంది కెంపు. "రాయి తీసినందుకు దండం. మరి ఉంచిందెవరు? జేజేలు చాలు, జవాబు కావాలి! మా గొంతుల్లో ఇరుక్కునే పరువు మాకొద్దు!"

"తీసేస్తాగా తల్లీ..."

"ఎప్పుడు?"

పీతయ్య ఎత్తిన డెక్క దించేశాడు.

కెంపు గాజు అవతల గోడమీది క్యాలెండర్ వైపు తిరిగింది. "ఆగస్టు తొమ్మిది. ఆ పొద్దుకి రాళ్ళన్నీ ముంతలో ఉండాలి. లేదా ఎందుకు లేవో అందరి ముందూ నిలబడి చెప్పాలి."

నీతి: పిల్లలూ, ప్రమాదాన్ని పెంచి పోషించి, ఆపైన కాపాడానని చెప్పుకునేవాడికి తోక ఆడించకండి. ఎవరు మాటిచ్చినా తేదీ అడగండి. పీతయ్యకు గడువు ఆగస్టు తొమ్మిది.