పొడుగు గరిటె

బ్రదర్ శౌరికి నిద్ర కరవైంది. ఫాదర్లు కాబోయేవాళ్ల గురువిద్యాలయంలో చదువు చివరికొచ్చిన వాళ్లంతా కొన్నాళ్లు మిషన్ ఆసుపత్రిలో సేవ చెయ్యాలి. అతనికి అంటురోగాల వార్డు పడింది. నిరుడు ఆ వార్డుకే వెళ్లిన బ్రదర్ లూర్దు మళ్లీ తిరిగి రాలేదు. అతని శవపెట్టె మోసినవాళ్లలో శౌరి ఒకడు. అదెంత తేలిగ్గా ఉందో అతని భుజానికింకా గుర్తుంది.

సోమవారం నుంచి వెళ్లాలి. శనివారం పొద్దున శౌరి తన గురువు ఫాదర్ రాయప్ప గది తలుపు తట్టాడు. ఆయన ఐరోపా చరిత్రా, చిత్రకళా చెప్పేవారు. ఇప్పుడు రెండు కళ్లకీ శుక్లాలు.

"ఫాదర్, నన్ను ఆ వార్డు నుంచి తప్పించండి. తోటలో వెయ్యండి, వంటింట్లో వెయ్యండి. భయం పోయాక నేనే వెళతాను."

రాయప్ప చెప్పులు తొడుక్కున్నారు.

"మ్యూజియానికి తోడు రా. ఐరోపా బొమ్మలు తెచ్చి పెట్టారట. నా కళ్లకి ఆనవు. నువ్వు చూసి చెప్పాలి."

ముందు గదుల్లో ఇబ్బంది లేకపోయింది. రాజులు, గుర్రాలు, వెండి పళ్లెంలో ద్రాక్షపళ్లు. శౌరి ఒక్కొక్కటీ వర్ణిస్తుంటే ఆయన తలూపుతూ విన్నారు. ఫలానా రాజు మెడ చుట్టూ ఆ కుచ్చుల పట్టీ ఎందుకో కూడా చెప్పారు.

చివరి గది గుమ్మానికి నల్లతెర ఉంది. పక్కన బోర్డు మీద 'మహమ్మారి కాలం' అని రాసి ఉంది. శౌరి కాళ్లు అక్కడే ఆగిపోయాయి.

"ఇంతటితో చాలు ఫాదర్."

ఆయన అతని మోచెయ్యి పట్టుకుని లోపలికి నడిచారు.

లోపల చలి. దీపాలు మసకగా ఉన్నాయి. ఒక గోడ మీద ఎముకల గూళ్లు రాజునీ, రైతునీ, చంటిబిడ్డనీ చెయ్యి పట్టుకుని లాక్కుపోతున్నాయి. వెనక ఎవరో దగ్గారు. శౌరి ఊపిరి బిగబట్టాడు. వీపు మీద చొక్కా తడిసి అంటుకుంది.

మూలనున్న చిన్న బొమ్మ ముందు రాయప్ప ఆగారు.

"ఏముంది?"

"చీకటి గది ఫాదర్. కిటికీకి బయటినుంచి చెక్కలు కొట్టేశారు. సందులోంచి బండి కనబడుతోంది. బండిలోంచి..." శౌరి ఆగాడు. "పాదాలు వేలాడుతున్నాయి."

"గదిలో?"

"మంచం మీద రోగి. చంకలో గడ్డ, చెయ్యి దించలేక పైకెత్తి పెట్టుకున్నాడు. ఎదురుగా ఒక కన్యస్త్రీ. ముక్కుకి గుడ్డ కట్టుకుంది. చేతిలో పొడుగు గరిటె ఉంది, ఆమె చేతికి రెండింతలు. దగ్గరికి పోకుండా దాంతో గంజిలాంటిదేదో తాగిస్తోంది."

"ధైర్యవంతురాలా?"

శౌరి ఇంకాస్త దగ్గరికి వంగి చూశాడు. చాలాసేపు చూశాడు.

"కాదు ఫాదర్. ముఖం పక్కకి తిప్పుకుంది. కళ్లు పెద్దవి చేసింది. ఒక కాలు అప్పుడే గుమ్మం వైపు పెట్టి ఉంది. పారిపోయేలా ఉంది."

"గరిటె కొస ఎక్కడుంది?"

"అతని పెదవుల మీద."

"గంజి ఒలికిందా?"

దుప్పటి మీద, నేల మీద, రోగి గడ్డం మీద శౌరి వెతికాడు. ఎక్కడా మరక లేదు.

"లేదు ఫాదర్."

రాయప్ప తలూపారు. గోడ పట్టుకుని మెల్లగా బయటికి వెళ్లిపోయారు.

శౌరి వెంటనే కదల్లేదు. వెనక మళ్లీ ఎవరో దగ్గారు. అతని గుండె దడదడలాడింది, అయినా అతను ఆమె చేతినే చూస్తూ నిలబడ్డాడు.

బయటికొచ్చేసరికి ఫాదర్ మెట్ల దగ్గర బల్ల మీద కూర్చుని ఉన్నారు. శౌరి ఆయన పక్కన కూర్చున్నాడు.

"సోమవారం వార్డుకి ఎన్నింటికి వెళ్లాలి ఫాదర్?" అన్నాడు చివరికి.

"ఏడింటికి," అన్నారు రాయప్ప. "ఆ పాటికి వాళ్లకి ఆకలేస్తుంది."